కొత్త కాకముందే కొరికిన కాయ

మంచం పక్కన స్టూలు మీద స్టీలు పళ్ళెం ఉంది. పళ్ళెంలో ఉప్పు, కారం, వాటి మధ్య సగం కొరికి వదిలేసిన పచ్చి మామిడికాయ. కొరికినచోట నల్లబడి, చీమలు పట్టాయి.

ఆ కాయను చూసి మన్మథరావు మీసం దువ్వుకున్నాడు. మూడు జిల్లాల్లో దొంగల్ని పట్టినప్పుడల్లా అదే మీసాన్ని అదే తీరుగా దువ్వుకోవడం ఈశ్వరి కళ్ళారా చూసింది. అప్పుడాయన సర్కిల్ ఇన్‌స్పెక్టర్, ఆమె ఆయన కింద హెడ్ కానిస్టేబుల్. ఇప్పుడాయన రిటైరై ఒక సినిమా కంపెనీకి తలనొప్పులు వదిలించే పని చేస్తున్నాడు. ఆమె ఉద్యోగం వదిలేసి యలమంచిలి స్టేషన్ దగ్గర ఒక గది అద్దెకు తీసుకుని డిటెక్టివ్ బోర్డు పెట్టుకుంది. అయినా ఆయన ఎదురుపడగానే కాళ్ళు వాటంతటవే దగ్గరికి చేరతాయి, నోటివెంట "సార్" అని వచ్చేస్తుంది. అందుకు ఆమెకు ప్రతిసారీ సిగ్గేస్తుంది.

"కేసు తేలిపోయింది ఈశ్వరీ. పెళ్ళికాని పిల్ల, ఒంటరి గది, పుల్లటి కాయ. ఇంకా ఏం కావాలి నీకు? నెల తప్పింది. తప్పించినవాడితో చెక్కేసింది."

గొంతేమీ తగ్గించలేదు. మెట్ల మీద నిలబడ్డ కొండన్నకు వినపడాలనే అన్నాడు. కొండన్న ఈ గదిలో అద్దెకుంటున్న మంగకు అన్న. కొయ్యూరు పైనున్న కొండ ఊరి నుంచి తెల్లవారే జీపెక్కి వచ్చి, నిన్న మధ్యాహ్నం నుంచి కనిపించని చెల్లెల్ని వెతికిపెట్టమని ఈశ్వరిని బతిమాలుకున్నవాడు. ఆ మాట విని తలెత్తలేదు, కోప్పడలేదు. మెట్టు మీద అలాగే కూలబడి, భుజం మీది తువ్వాలు తీసి ముఖానికి అడ్డం పెట్టుకున్నాడు.

మన్మథరావును అనేముందు ఈశ్వరి తనను తాను అనుకోవాల్సి వచ్చింది. పొద్దున ఆమె అడిగింది మాత్రం ఏం గొప్ప ప్రశ్న గనక?

సంగతి ఇది. ‘శ్రీదుర్గ’ అనే పేరుతో ‘అడ్డాకు వాన’ అనే ప్రేమకథ రెండేళ్ళ కిందట ఫోన్ యాప్‌లో భాగాలు భాగాలుగా వచ్చింది. విస్తళ్ళు కుట్టే అడ్డాకులు కోసుకొచ్చే కొండపిల్లకూ, పల్లంలో జీడితోట ఉన్న కుర్రాడికీ ప్రేమ. చదివినవాళ్ళు ఎగబడితే, రాసినవాళ్ళే ఎవరినీ దేహీ అనకుండా పుస్తకంగా అచ్చేయించారు. అది సినిమావాళ్ళ కంటపడింది. శ్రీదుర్గ ఎవరని ఆరా తీస్తే, నర్సీపట్నం బట్టల షాపులో పనిచేస్తూ ఈ మేడమీది గదిలో అద్దెకుంటున్న మంగ ముందుకొచ్చి సంతకం పెట్టింది. ఇంకేముంది, ‘ఒక కొండపిల్ల నిజజీవిత ప్రేమకథ’ అని ఊరూరా పోస్టర్లు పడ్డాయి. మొన్న ఒక పాట కూడా వదిలారు. ఇవాళ సాయంత్రం ఐదింటికి కళ్యాణమండపంలో ఫంక్షన్. మంగ వేదికెక్కి "ఇది నా కథే" అని చెప్పాలి. ఆ మంగే నిన్నటి నుంచి లేదు.

ఆ నవలను ఈశ్వరి కూడా చదివింది. అట్టకు న్యూస్‌పేపర్ చుట్టి, బస్సులో కిటికీ పక్క సీటు చూసుకుని మరీ చదివింది. కొండన్న రాగానే ఆమె అడిగిన మొదటి ప్రశ్న, కథలో ఉన్న ఆ జీడితోట కుర్రాడు అసలు ఎవరని. అంటే కథలో పిల్ల చేసిందంతా మంగ చేసిందనే లెక్క. కొండన్న నేల చూపులు చూస్తూ ఒక్కటే అన్నాడు: "మా సెల్లి అలాటియి రాయదండి." అన్నగారి వెర్రి ప్రేమ అనుకుని ఆ మాటను ఆమె అక్కడే వదిలేసింది. మన్మథరావు కాయ చూసి పడిన తప్పులో ఆమె పుస్తకం చూసి పడింది. తేడా అంతే.

ఆ సిగ్గుతోనే ఆమె గదిని మళ్ళీ మొదటినుంచి చూసింది. దండెం మీద బట్టలు ఉన్నాయి. గోడకు బ్యాగు వేలాడుతోంది. లేచిపోయే పిల్ల మార్చుకోవడానికి ఒక జత కూడా తీసుకోకుండా పోదు. మంచానికి ఎదురుగా ప్లాస్టిక్ కుర్చీ ఉంది. కూర్చునేచోట దుప్పటి నాలుగు మడతలు పెట్టి పరిచారు. ఇరవై ఆరేళ్ళ పిల్లకు అంత మెత్త దేనికి? కుర్చీ కోడు పక్కన నొప్పుల బామ్ సీసా, మూత తీసే ఉంది. చివరికి పళ్ళెం దగ్గర వంగి కాయను చూసింది. పంటి గాట్లు స్పష్టంగా ఉన్నాయి. పైవరస గాట్ల మధ్య ఒకచోట కాయ తొక్క చెక్కుచెదరలేదు. కొరికినవాళ్ళకు ముందుపన్ను లేదు.

అప్పుడు తట్టింది ఆమెకు. పన్ను సంగతి తర్వాత. అసలు ఈ గదిలో ఈ నెలలో మామిడికాయ ఎలా వచ్చింది?

"కొండన్నా, మీ ఊళ్ళో మామిడికొత్త అయిపోయిందా?" అని అడిగింది.

కొండన్న తువ్వాలు దించి, ఇంకా లేదని, వచ్చే వారం పెట్టుకున్నారని చెప్పాడు.

ఈశ్వరి చింతపల్లిలో నాలుగేళ్ళు పనిచేసింది. కొండ ఊళ్ళలో ఏ పంటైనా, ఏ కాయైనా ముందు దేవతకు పెట్టి, ఊరంతా కలిసి ‘కొత్త’ చేసుకున్నాకే నోట పెట్టుకుంటారు. కొత్త కాకముందు చెట్టు కింద రాలిన కాయను పిల్లలు కూడా ముట్టరు. ఊరొదిలి పల్లంలో ఉన్నా సరే, మా ఊళ్ళో కొత్త కాలేదని మామిడికాయ పప్పును పక్కకు జరిపేసిన కొండపిల్లలను ఆమె ఎరుగును. ఇంత తెలిసీ పొద్దున్నుంచి తెలియనట్టే తిరిగింది.

"ఈ కాయ మంగ తినలేదు సార్," అంది. సార్ అన్నందుకు లోపల్లోపల తిట్టుకుని, కొత్త సంగతీ, పంటి గాట్ల సంగతీ చెప్పింది. "మంగకు ముందుపళ్ళు బాగానే ఉన్నాయి. మీ పోస్టర్లోనే నవ్వుతోంది, చూసుకోండి. గదిలోకి ఇంకెవరో వచ్చారు. మీరిప్పుడు ఆ పిల్ల మీద వేసిన నింద వెనక్కి తీసుకోండి. వాళ్ళన్నయ్య ముందే తీసుకోండి."

మన్మథరావు ముఖం ఎర్రబడింది. తన కింద పనిచేసిన మనిషి తనకు పాఠం చెప్పడం ఆయన ఉద్యోగ జీవితంలో లేదు.

"నీ కొత్తలూ పాతలూ అవతల పెట్టు. నెల తప్పిందని నేనొక్కణ్ణే అన్నానా, ఈపాటికి జీపుల స్టాండంతా అనుకుంటోంది. చెప్పుల్లేని కాళ్ళతో ఎంత దూరం పోతుంది? సాయంత్రంలోగా దొరుకుతుంది. దొరికాక ఏం చెప్పుకున్నా దాని మాట నమ్మేవాడుండడు," అన్నాడు.

ఈశ్వరికి ఒళ్ళు మండింది. ఆ మంటలో ఆ మాటను సగమే వింది. కిందికి రండి, ఈ కాయ ఎవరు తిన్నారో మీ ఎదురుగానే తేలుస్తానని చెప్పి గబగబా మెట్లు దిగింది. గెలవాలన్న ఆత్రం మనిషిని ఎంత గుడ్డిదాన్ని చేస్తుందో ఆమెకు ఇంకో అరగంటకు గానీ తెలియలేదు.

కింద వాటాలో ఇంటామె బుల్లమ్మ ఉంది. యాభై ఎనిమిదేళ్ళు. చిన్న వయసులోనే భర్త పోయాడు. వీధిలో ఆడవాళ్ళందరికీ కోలాటం నేర్పుతుంది కాబట్టి ఆమెను పేరు పెట్టి పిలిచేవారు లేరు. చిన్నా పెద్దా అందరికీ ‘గురువమ్మ’. అరుగు మీద కోలాటం కర్రల సంచి ఎప్పుడూ ఉంటుంది. ఇవాళ మాత్రం లేదు. పొద్దున మాట్లాడినప్పుడు కొంగు నోటికి అడ్డం పెట్టుకుని మాట్లాడింది. కొత్తవాళ్ళ ముందు మొహమాటం కాబోలనుకుంది ఈశ్వరి. ఇప్పుడూ అలాగే కొంగు పట్టుకుని మంచం మీద కూర్చుంది.

మేడమీదికి ఎప్పుడు వెళ్ళారని అడిగితే, మోకాళ్ళ నొప్పులతో మెట్లెక్కి ఏడాది దాటిందని చెప్పింది. మధ్యాహ్నాలు ఏం చేస్తారంటే, పడుకుంటానంది. మంగ దగ్గరికి ఎవరైనా వస్తారా అంటే, బంగారంలాంటి పిల్ల, ఎవరూ రారంది. ఒక్కొక్క జవాబుకూ గొంతు సన్నబడుతోంది. గుమ్మంలో మన్మథరావు చేతులు కట్టుకుని నిలబడ్డాడు. ఆయన వెనక కొండన్న.

ఈశ్వరి బామ్ సీసాను ఆమె ఒళ్ళో పెట్టింది.

"కొంగు తియ్యండి గురువమ్మగారూ."

బుల్లమ్మ తియ్యలేదు. ఈశ్వరి మళ్ళీ అడగలేదు, చెయ్యి చాచి తనే కొంగు పక్కకు లాగింది. పై పళ్ళ నడుమ ఒక పన్ను లేదు. బుల్లమ్మ వెంటనే అరచెయ్యి అడ్డం పెట్టుకుంది. తల్లి వయసు మనిషి నోరు ఇద్దరు మగవాళ్ళ ముందు తెరిపించిన చెయ్యి తనదేనని ఈశ్వరికి ఆ క్షణంలో తోచలేదు. మాట ముందుకే పరుగెత్తింది.

"మీరు రోజూ మధ్యాహ్నం, మంగ షాపు నుంచి భోజనానికి రాగానే పైకెక్కి, ఆ మెత్త మీద కూర్చుని కథ చెబుతారు. మంగ ఫోన్లో టైపు చేస్తుంది. పుస్తకంలో కొండపిల్ల కొత్త కాకుండానే మామిడికాయ కోసి, తను కొరికి ఆ అబ్బాయికి ఇస్తుంది. మొన్న వచ్చిన పాట కూడా అదే. కొండమనిషి అయితే చచ్చినా అలా రాయదు. రాసింది పల్లపు మనిషి. శ్రీదుర్గ మంగ కాదు, మీరు."

అని మన్మథరావు వైపు తిరిగి చూసింది. ఆయన ముఖం మాడిపోతుందనుకుంది. మాడలేదు. ఆయన నవ్వుతున్నాడు, పోగొట్టుకున్న వస్తువు దొరికినట్టు. "భేష్ ఈశ్వరీ, ఈ ఒక్క ముక్కే నాకు తెలియలేదు సుమా," అని మెచ్చుకుని, ఫోను చెవికి ఆనించుకుంటూ వీధిలోకి వెళ్ళిపోయాడు. కారు కదిలిన చప్పుడు వినబడింది.

గదిలో ముగ్గురు మిగిలారు. బుల్లమ్మ ముఖం గోడ వైపు తిప్పేసుకుంది. ఏడుపు లేదు, వీపు మాత్రం వణుకుతోంది. ఆ వీపు చూసేసరికి ఈశ్వరికి గెలుపంతా చేదెక్కిపోయింది.

"ఏభై ఎనిమిదేళ్లమ్మా నాకు," అంది బుల్లమ్మ గోడతోనే. "మొగుడితో పట్టుమని పదినెల్లు కాపరం సేసినాను. ఆడు పోయినకాడ్నించి ఒకలి మొకం సూసి నవ్వినోదాన్ని కాను. ఆ కతలన్నీ నా బుర్రలో ఎక్కడున్నాయో నాకే తెల్దు. మంగ ఫోన్లో ఎవులియో సదూతుంటే, నానూ ఒకటి సెప్తానే రాయే అన్నాను. ఆటకే అన్నాను. ఈదిలోవోల్లకి తెలిస్తే గురువమ్మ ఇలాంటిదా అని ఉమ్మేత్తారు గదా. సినిమావోల్లొచ్చినప్పుడు దాని కాల్లు పట్టేసుకున్నాను, నీ పేరు సెప్పే అని."

"మరి మామిడికాయ?" అని అడిగింది ఈశ్వరి, చాలా నెమ్మదిగా.

"అది అప్పుడే సెప్పినాది. మావోల్లు కొత్తవకుండా తినరమ్మా, అది తీసీ అని. కతే గదే, కొండమీద ఎవులు సదూతారే అన్నాను." బుల్లమ్మ ఇటు తిరిగింది, కొండన్న పాదాల వరకే చూడగలిగింది. "నిన్న పైకెల్తే పాట సూపించినాది. మావూరోల్లు అన్నయ్యని అడుగుతున్నారు, మీ సెల్లి ఊరినిలా రాసేసిందేటని. నువ్వు రాసినావని ఒక్కమాట సెప్పమ్మా అంది. నా సేతిలో కాయ అలగే ఉండిపోనాది. సెప్పలేనే, ఒగ్గీ అన్నాను. మరి మాటాడలేదు. కంపెనీవోల్లకి పోనుజేసి, పంక్సనుకి రాను, అది నా కత కాదని సెప్పేసి, ఏడుసుకుంటా దిగిపోనాది."

కొండన్న తువ్వాలు మడిచి భుజాన వేసుకున్నాడు. అతను అరిచినా బాగుండును. చివరికి, "మాయమ్మ రెండ్రోజులై ఇంట్లోంచి బయటికి రానేదండి," అని మాత్రం చెప్పాడు, ఎవరినీ తప్పుపట్టనట్టుగా.

బుల్లమ్మ మంచం కిందికి వంగి కోలాటం కర్రల సంచి లాగింది. కర్రల మధ్య నుంచి ఒక జత చెప్పులు తీసింది. నీలం పట్టీల ఆడవాళ్ళ చెప్పులు, ఒకదానికి కుట్టు వేసి ఉంది.

"మంగయి. పైకెల్లేటప్పుడు నా గుమ్మంలో ఇడుత్తాది. నిన్న తొడుక్కోకుండానే దొడ్డి గుమ్మంలోంచి ఎల్లిపోనాది. రాత్రయినా రాకపోయేసరికి బయమేసి దాసీసినాను."

ఈశ్వరి ఆ చెప్పులను చేతిలోకి తీసుకుంది.

"వీటి సంగతి ఎవరికైనా చెప్పారా? ఆ మీసాలాయనకు?"

"దేవుడికి కూడా సెప్పలేదమ్మా."

చెప్పుల్లేని కాళ్ళతో ఎంత దూరం పోతుంది? మేడమీద మన్మథరావు నోటివెంట ఊడిపడిన మాట. చెప్పులు రాత్రి నుంచీ ఈ సంచిలో ఉన్నాయి. మంగ వట్టికాళ్ళతో వెళ్ళిందన్నది బుల్లమ్మకు తెలుసు. ఇంకెవరికైనా తెలియాలంటే, వెళ్ళాక ఆ కాళ్ళను చూసినవాడై ఉండాలి. ఆయన మంగను వెతకడానికి రాలేదు. ఫంక్షనుకు రానని ఆ పిల్ల ఫోన్ చేసిన మరుక్షణం కారు వేసుకొచ్చి, రోడ్డు మీద ఏడుస్తూ పోతున్నదాన్ని ఎక్కించుకుపోయాడు. నిజం చెప్పినా ఎవరూ నమ్మకుండా ఉండాలని, ముందుగానే కడుపు మాట ఊరి మీద వదిలాడు.

అంతా కొండన్నకు చెప్పింది. తను చేసిన పని కూడా చెప్పింది, దాచలేదు.

"నిన్నటి నుంచి ఎంత బెదిరించినా మంగ గురువమ్మ పేరు బయటపెట్టలేదు. కథ నాది కాదనడమే గానీ ఎవరిదో చెప్పలేదు. అందుకే ఈ ఒక్క ముక్కే తెలియలేదన్నాడాయన. దాన్ని నేను గొప్పకు పోయి ఆయన చేతికిచ్చాను. ఇప్పుడు వేరే బెదిరింపులు అక్కర్లేదు. స్టేజీ మీద నా కథే అనకపోతే గురువమ్మను వీధికి లాగుతానంటే చాలు."

ఆమె మాట పూర్తవుతుండగానే మంచం మీద బుల్లమ్మ ఫోన్ మోగింది. తెర మీద మంగ పేరు. ఈశ్వరి స్పీకర్ నొక్కింది.

"అమ్మా, నానే." గొంతు బొంగురుపోయి ఉంది. వెనకాల ఎవరో మైకు పరీక్షిస్తున్నారు. "నువ్వేటీ బయపడకు. నీ పేరు రానివ్వను. ఆల్లు సెప్పమన్నట్టే సెప్పేత్తాను. అన్నయ్య అగుపిత్తే, నన్ను ఇంక ఇంటికి తీసుకెల్లొద్దని సెప్పు."

బుల్లమ్మ నోరు తెరిచేలోగా లైను తెగింది. కొండన్న చేత్తో గోడ పట్టుకున్నాడు.

అదే సమయానికి వీధి అరుగు మీద సందడి మొదలైంది. కోలాటం ఆడవాళ్ళు వచ్చేశారు. అందరివీ ఒకే రంగు చీరలు, జడల్లో కనకాంబరాలు. సాయంత్రం ఫంక్షనులో మొదటి అంశం వాళ్ళదే. ముందున్న అప్పలకొండమ్మ లోపలికి తొంగిచూసి, బేగి తెమలమని, ఆటోలు సందు చివర ఉన్నాయని గురువమ్మను తొందరపెట్టింది. ఆగలేక, మేడమీది మంగకు నెల తప్పిందట గదా, నిజమేనా అని కూడా అడిగేసింది. వెనకాల ఎవరో కిసుక్కున నవ్వారు.

బుల్లమ్మ లేచింది. ఈశ్వరి చేతుల్లోంచి నీలం చెప్పులు తీసుకుని, ఒక్కొక్క అడుగూ వేసుకుంటూ గుమ్మం దాకా నడిచింది. అలవాటుగా కొంగు కోసం చెయ్యి పైకి లేచి, సగంలో ఆగిపోయి కిందికి దిగింది.

"మంగకేటీ తప్పనేదు," అంది. "తప్పింది నాను. ఆ కత, ముద్దులూ ముచ్చట్లూ, ఆ మామిడికాయ, అన్నీ నానే రాసినాను. శ్రీదుర్గని నానే. దాని పేరెట్టి దాక్కున్నాను. పంక్సనుకాడ మైకులో ఇదే సెప్తాను. నాతోటి ఆటో ఎక్కుతారో మానుతారో మీ ఇట్టం."

నవ్వినవాళ్ళ నవ్వు ముఖాల మీదే ఎండిపోయింది. ఎవరి చేతిలోంచో కర్ర జారి అరుగు మీద దొర్లింది. దాన్ని తీసుకోవడానికి ఎవరూ వంగలేదు. అప్పలకొండమ్మ రెండడుగులు వెనక్కి వేసి, గురువమ్మను కాకుండా నేలను చూస్తూ నిలబడింది. ఒకరి తర్వాత ఒకరు పక్కకు జరిగారు. మధ్యలో దారి ఏర్పడింది.

ఆ దారిలో బుల్లమ్మ ఒక్కతే మెట్లు దిగింది. కొండన్న వెనకనుంచి వచ్చి ఆమె మోచెయ్యి పట్టుకున్నాడు. ఈశ్వరి పరుగున వెళ్ళి ఆటో పిలిచింది. అది తిరిగేలోగా, సందు చివర మన్మథరావు తెల్లకారు అడ్డంగా వచ్చి ఆగింది. వెళ్ళిపోయాడనుకున్న మనిషి, ఫంక్షను అయ్యేదాకా గురువమ్మను గడప దాటనివ్వకూడదని కాబోలు, ఇద్దరు కుర్రాళ్ళను వెంటబెట్టుకుని కారు దిగుతున్నాడు.

ఈశ్వరి రోడ్డు మధ్యకు వెళ్ళి నిలబడింది. కాళ్ళు దగ్గరికి చేరలేదు.

"మన్మథరావుగారూ, కారు తియ్యండి," అంది.